బండల గోడ, నీలం పరదా

ప్రొద్దుటూరులో ఆ రోజు నా కోసం కొట్టించిన చప్పట్లను నేను ఇప్పటికీ మరిచిపోలేదు. తిట్టు తిన్నవాడు ఎదురు తిట్టి బరువు దించుకోవచ్చు. చప్పట్లకు ఎదురేమిటి? తల వంచుకుని కూర్చోవడం తప్ప నాకు ఏమీ తోచలేదు.

నేను జమ్మలమడుగులో ఒక సర్కారు ఉన్నత పాఠశాలలో ఇంగ్లీషు చెబుతాను. కాపురం ప్రొద్దుటూరులో. రోజూ బస్సులో పోయి వస్తాను. ఇంగ్లీషు టీచర్లందరినీ ఒక కాలేజీ హాల్లో కూర్చోబెట్టి శిక్షణ ఇచ్చేందుకు కోస్తా నుంచి ఒకాయన వచ్చాడు. ఆయన పేరు నా నోటితో చెప్పను. శిక్షకుడు అంటే చాలు.

ఆయన చెప్పింది చెడ్డ మాట కాదు. అదే నా బాధ. "పాఠం చెప్పకండి, పని ఇవ్వండి. పని పూర్తి కావాలంటే పిల్లలు మాట్లాడుకోక తప్పదు. ఆ మాట్లాడుకోవడంలోనే భాష వస్తుంది" అన్నాడు. పక్క వరుసల్లో వాళ్లు ఫోన్లు చూసుకుంటుంటే నేను మాత్రం మెడ చాచి విన్నాను. అప్పటికి ఎన్నో ఏళ్లుగా నేను బోర్డు మీద ప్రశ్న రాస్తున్నాను, కింద జవాబు రాస్తున్నాను, పిల్లలు రెండూ ఎక్కించుకుంటున్నారు. పదో తరగతి పాసై పోయిన పిల్లవాడు బస్టాండులో కనబడితే "గుడ్ మార్నింగ్ సార్" అంటాడు, సాయంత్రమైనా సరే. ఆ ఒక్క ముక్కే మిగిలింది వాడికి. కాబట్టి ఆ హాల్లో శిక్షకుడి మాట నమ్మినవాడు ఎవడైనా ఉన్నాడంటే అది నేనే.

ఆయన ఇచ్చిన నమూనా పని ఇది. ఇద్దరు పిల్లలకు రెండు బొమ్మలు ఇవ్వాలి. ఒకరి బొమ్మలో ఉన్నది రెండోవారి బొమ్మలో ఉండదు. ఒకరి కాగితం ఒకరికి చూపించకుండా, ఇంగ్లీషులో అడిగి చెప్పుకుని, తేడాలు కనిపెట్టాలి.

బడి తెరవగానే ఎనిమిదో తరగతిలో మొదలుపెట్టాను. బొమ్మలు నేనే గీశాను. బోదగడ్డి కప్పిన ఒక కొట్టం, పక్కన బావి, వేపచెట్టు. ఒక కాగితంలో మాత్రం కొట్టం మీద మేకను ఎక్కించాను, పిల్లలు నవ్వుతారని. కాగితాలు పంచి, ఏం చేయాలో చెప్పడం ముగించకముందే గది నిండా ఒకటే కేక: "అయిపోయింది సార్!"

ఒక్క ఇంగ్లీషు ముక్క వినబడలేదు. తెలుగు ముక్క కూడా లేదు. ఏ బెంచీకి ఆ బెంచీలో రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి చూసుకున్నారు, తేడాలకు సున్నాలు చుట్టారు, అంతే. చూపించుకోకూడదని గదిమాను. ముందు బెంచీలో ఒక ఆడపిల్ల లేచింది. ముద్దనూరు దగ్గరి పల్లె నుంచి వచ్చే పిల్ల. చెప్పాలనుకున్నది మొహం మీదే చెప్పేస్తుంది.

"ఎందుకు సార్ దాయాల? అది నా జతగత్తె కదా."

దాచాలి, అది ఆట అన్నాను. మరుసటి రోజు ఒక పిల్లవాడు నా మాట విని, తన కాగితానికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. పక్కనున్నవాడు కాసేపు చూసి, "శానా గొప్పోనివిలే, పెట్టుకో నీ కాడనే" అని మొహం తిప్పుకున్నాడు. ఆ ఇద్దరూ తర్వాత చాలా రోజులు పలకరించుకోలేదు. మా ప్రాంతంలో పక్కనున్నవాడు 'ఏముంది నీ దగ్గర' అంటే తీసి చూపించడమే మర్యాద. చెయ్యి అడ్డం పెట్టడం పొగరు. పిల్లలు చేసింది అల్లరి కాదు. వాళ్ల ఇంట్లో వాళ్లకు నేర్పింది అదే.

రెండో విడత శిక్షణ కూడా ప్రొద్దుటూరులోనే జరిగింది. సందేహాలుంటే అడగండి అన్నాడు శిక్షకుడు. ఎవరూ అడగరని ఆయన ధైర్యం. నేను లేచి జరిగింది చెప్పాను.

"అది క్లాస్ కంట్రోల్ సమస్యండీ మాస్టారూ. థియరీ సమస్య కాదు" అన్నాడు.

"కంట్రోల్ కాదు సార్. ఈడ పిల్లోళ్లకు దాయడమంటే తప్పు. పక్కనోనికి చూపీకుంటే పొగరంటారు. ఆ కాగితాలు కలపకుండా ఉండాలంటే ఏం చేయాలో అది చెప్పండి."

ఆయన నవ్వాడు. "ఈడ, ఆడ, యాడ. మాస్టారూ, మీరు ముందు తెలుగు నేర్చుకోవాలండీ, ఇంగ్లీషు సంగతి తర్వాత చూద్దాం" అన్నాడు. హాలంతా నవ్వింది. నవ్వినవాళ్లంతా ఈడా ఆడా అనేవాళ్లే. తర్వాత ఆయన చెయ్యెత్తి, "ఇంత మంచి సందేహం అడిగిన మాస్టారికి ఒకసారి గట్టిగా చప్పట్లు" అన్నాడు. కొట్టారు. మధ్యాహ్నం నా డబ్బాలో పెరుగన్నం తిన్న మనిషి కూడా కొట్టాడు. వాడు రెండు సార్లు ఎక్కువ కొట్టాడని నాకు అనుమానం. నా ప్రశ్నకు జవాబు మాత్రం రాలేదు.

ఆ మధ్యాహ్నమే ఆయన ప్రేరణ గురించి కూడా చెప్పాడు. మనిషి ఒక పని ఎందుకు చేస్తాడు, దేనికోసం కష్టపడతాడు అని బోర్డు మీద మెట్లు గీశాడు. మెప్పు ఉంది, భద్రత ఉంది, ఆశయం ఉంది. రోషం లేదు. నేను ఆ తర్వాత చేసిందంతా రోషంతోనే చేశాను కాబట్టి ఆ మెట్ల మీద నాకు నమ్మకం పోయింది.

జవాబు నాకు మా బడి వెనక దొరికింది. మా ఆటస్థలానికీ తరగతి గదులకూ మధ్య కడప బండలు వరుసగా నిలబెట్టి పాతిన గోడ ఉంది. పిల్లల తలకన్నా ఎత్తు. ఒకనాడు ఇంటర్వెల్‌లో బంతి గోడ దాటి అవతల పడింది. ఇటునుంచి ఒకడు "యాడ పడిందిరా?" అని అరిచాడు. అటునుంచి "తుమ్మచెట్టు కాడ!" అని కేక. "ఏ పక్క?" "రోడ్డు పక్క!" నేను చేతిలో సుద్దముక్క పట్టుకుని అక్కడే నిలబడిపోయాను. వాళ్లు ఒకరికొకరు ఏమీ దాచడం లేదు. దాచింది గోడ. ఇక పొగరు ఎవరిదీ కాదు.

మరుసటి రోజు సగం తరగతిని గోడకు అటువైపు, సగాన్ని ఇటువైపు కూర్చోబెట్టాను. మొదట కాగితాలు రాకెట్లయి గోడ దాటాయి. వాటిని ఆపితే బండల సందుల్లోంచి దూరాయి. కుళాయి దగ్గరి బురద పిల్లలచేతే తెప్పించి సందులు మెత్తించాను. మెత్తుతున్నంతసేపూ వాళ్లకు అదొక సంబరం. బురద ఆరేదాకా ఆగి మళ్లీ మొదలుపెట్టాం.

ఇటునుంచి ఆ ముద్దనూరు పక్క పిల్ల గొంతు లేచింది. "గోట్ ఆన్ హౌస్!"

అటునుంచి ఆమె జతగత్తె. "నో! నో గోట్!"

"మై హౌస్, గోట్!"

అటునుంచి ఒక గొంతు, "వై?"

ఎందుకు అని నా తరగతిలో ఒక పిల్ల ఇంకో పిల్లను ఇంగ్లీషులో అడగడం నేను మొదటిసారి విన్నది అప్పుడే. అన్నేళ్లూ ఆ మాట అడిగేది నేను, జవాబు చెప్పేది వాళ్లు. ఇటున్న పిల్ల బొమ్మను పైకీ కిందికీ చూసింది. జవాబు నేను గీయలేదు. ఆమే వెతికి తెచ్చింది.

"గోట్ హంగ్రీ! హౌస్ గ్రాస్!"

కొట్టం కప్పింది బోదతో కదా. రెండు వైపులా విరగబడి నవ్వారు. నేనూ నవ్వాను. ఈ పనిలో నేను మనసారా నవ్విన సందర్భాలు తక్కువ, అందుకే చెబుతున్నాను.

ఆటస్థలం రోడ్డు పక్కనే. ఒక ఆటో అతను బండి ఆపి గేటులోంచి తొంగిచూసి, "ఏం సామీ, పిల్లోళ్లు ఎవుర్ని తిడతాండారు?" అన్నాడు. మా ఇంటివాళ్లు తరతరాలుగా పూజారులు, పంతుళ్లు. అందుకే ఊళ్లో అందరికీ నేను సామినే. తిట్టడం లేదు, ఇంగ్లీషు అన్నాను. "అట్లయితే గట్టిగానే అరవనీ" అని పోయాడు. మా పద్ధతి గురించి నాకు దక్కిన ఒకే ఒక్క నిజమైన మెప్పు అదే.

హెడ్మాస్టరుకు మాత్రం తలనొప్పి మొదలైంది. ఆయనది లింగాల వైపు. చీనీ బత్తాయి తోటలున్న ఇల్లు. మాట పెద్దది. అప్పుడే పులివెందులలో హెడ్మాస్టర్లకు నాయకత్వ శిక్షణ జరిగితే పోయి వచ్చాడు. నాయకులు రెండు రకాలట. పనిని చూసేవాళ్లు, మనుషులను చూసేవాళ్లు. తిరిగొచ్చిన రోజు స్టాఫ్ రూములో మాకందరికీ అది చెప్పి, ఎవరు ఏ రకమో చెప్పమని నవ్వుతూ అడిగాడు.

నన్ను గదికి పిలిపించాడు. "ఏంది సామీ, బడి అనుకుంటాండావా, సంత అనుకుంటాండావా? పక్క క్లాసులో లెక్కలు చెప్పేటాయన నెత్తి పట్టుకోని కూచున్యాడు."

"సార్, పనిని చూసే నాయకులుంటారని మీరే చెప్తిరి కదా. పని చూడండి. పిల్లోళ్లు మాట్లాడతాండారు."

"నేను పనీ చూస్తా, మనిషినీ చూస్తా. పైనోళ్లు ఏం చూస్తారో అదీ చూస్తా. నేను మూడో రకమప్పా" అని తనే నవ్వుకున్నాడు. తర్వాత గొంతు తగ్గించాడు. "చూడు సామీ, ఆ కోస్తా సారు మన బడికి పరిశీలనకు వస్తాండాడు. ఆయన సరే అంటే గోడకాడనే చేసుకో, నేను అడ్డం రాను. కాదంటే మాత్రం గమ్మున లోపల కూచోబెట్టాల. ఒప్పుకుంటావా?"

ఒప్పుకున్నాను. గోడ దగ్గరి తరగతి ఉంటుందో పోతుందో ఆ మనిషి చేతిలో పడింది. చప్పట్లు కొట్టించిన మనిషి చేతిలో.

ఆయన వచ్చాడు. నాకు నమస్కారం పెట్టి, "మీరు ఈ స్కూలుకు కొత్తాండీ మాస్టారూ?" అన్నాడు. ప్రొద్దుటూరులో అంతమంది ముందు నన్ను నిలబెట్టిన మనిషికి నా మొహమే గుర్తులేదు. అవమానించినవాడు గుర్తుపెట్టుకుంటే అదైనా ఒక గౌరవం. ఆ మాత్రం గౌరవం కూడా ఆయన నాకివ్వలేదు.

పిల్లలు మాత్రం ఆ రోజు బ్రహ్మాండంగా అరిచారు. కొత్త బొమ్మలు ఇచ్చినా ఎక్కడా తడబడలేదు. తెలియని మాటలకు చుట్టూ తిరిగి మాటలు కట్టారు. శిక్షకుడు ఫోను తీసి వీడియో పట్టాడు. బండల మధ్య బురదను వేలితో తాకి చూశాడు. "ముందు ఏ బొమ్మ ఇచ్చారండీ?" అని అడిగితే మేక సంగతంతా చెప్పాను. ఇష్టంగా చెప్పాను. ఆ పిల్ల అన్న మాట కూడా చెప్పాను. "అద్భుతం, అద్భుతం" అంటూ ఆయన పోయి హెడ్మాస్టరు చెయ్యి పట్టుకుని ఊపాడు.

"మా బళ్లో అంతా పని మీదనే సార్" అన్నాడు హెడ్మాస్టరు. శిక్షకుడు వెళ్లాక నా భుజం తట్టి, "సరేనన్నాడు సామీ. ఇంగ చేసుకో పో" అన్నాడు. ఆ సాయంత్రం ప్రొద్దుటూరు బస్టాండులో మిరపకాయ బజ్జీలు కట్టించుకుని ఇంటికి పోయాను. ఏం విశేషమని నా భార్య అడిగితే, గోడ దక్కిందని చెప్పాను. ఆమెకు అర్థం కాలేదు, కానీ బజ్జీలు తింది.

కొన్నాళ్లకు పులివెందులలో పెద్ద సభ పెట్టారు. హెడ్మాస్టర్లు, ఇంగ్లీషు టీచర్లు అందరూ రావాలి. నన్ను మా హెడ్మాస్టరు తన కారులోనే తీసుకుపోయాడు. మా పిల్లలను మాత్రం పిలవలేదు. అప్పుడే నాకు అనుమానం రావాల్సింది. శిక్షకుడు వేదికెక్కి, "క్షేత్రంలో తిరుగుతూ నేను రూపొందించిన గోడ పద్ధతి ఇప్పుడు మీకు చూపిస్తాను" అన్నాడు. వేదిక మీద గోడ ఎక్కడిది? నీలం గుడ్డ పరదా తెచ్చారు. ఒక కొసను స్తంభానికి కట్టారు. రెండో కొస కట్టడానికి ఏమీ దొరకలేదు. ఆయన కళ్లు హాలంతా వెతికి, మూడో వరుసలో ఉన్న నా మీద ఆగాయి.

"మాస్టారూ, మీరు పొడుగ్గా ఉన్నారు. ఈ కొస కాస్త పట్టుకోండి."

నేను వేదికెక్కి పరదా పట్టుకున్నాను. ఎందుకు పట్టుకున్నావని నన్ను అడగకండి. అంతమందిలో పిలిస్తే కాదనలేకపోయాను. నేను నేర్చుకున్న మర్యాద కూడా ఆ పిల్లలు నేర్చుకున్న లాంటిదే.

పరదాకు అటూ ఇటూ ఎవరో వేరే బడి పిల్లలను కూర్చోబెట్టారు. ఇస్త్రీ చేసిన బట్టలు, నూనె రాసి దువ్విన తలలు. పరదా కొసన నిలబడ్డ నాకు రెండు వైపులా కనబడుతోంది. ఆ హాల్లో రెండు వైపులా చూడగలిగినవాడిని నేనొక్కడినే. రెండు వైపులా ఉన్నది ఒకే బొమ్మ. రెండింటిలోనూ ఇల్లుంది, బావి ఉంది, మేక ఉంది. ఒకరికి తెలియనిది ఇంకొకరి దగ్గర ఏమీ లేదు.

"వై ఈజ్ ది గోట్ ఆన్ ది రూఫ్?" అని అటు పిల్ల తప్పు లేకుండా అడిగింది.

"బికాజ్ ది గోట్ ఈజ్ హంగ్రీ అండ్ ది రూఫ్ ఈజ్ మేడ్ ఆఫ్ గ్రాస్" అని ఇటు పిల్ల ఊపిరి తిప్పుకోకుండా అప్పజెప్పింది.

కాగితం మీద ఇల్లు మాత్రం పెంకుటిల్లు. మా పిల్ల తల గోక్కుని వెతికి తెచ్చిన మాటను కడిగి, ఇస్త్రీ చేసి, ఇంకొకరి నోట్లో పెట్టారు. వాళ్లు తమ ముందున్న బొమ్మను చూసి కూడా ఆ మాట అనలేదు. ఆ పిల్లల మీద నాకు కోపం లేదు. చెప్పమన్నది చెప్పారు.

"సార్, ఇద్దరి కాడా ఒకటే బొమ్మ ఉంది" అన్నాను. పరదా వదలకుండానే, ముందు వరుసలకు వినబడేలా అన్నాను. "తెలియంది ఏమీ లేనప్పుడు వీళ్లు ఒకరినొకరు అడిగేదేముంది?"

శిక్షకుడు నవ్వు చెదరకుండా మైకు దగ్గరికి పోయాడు. "డెమోకి టైం తక్కువండీ, అందుకని. మాస్టారు బాగా గమనించారు. మాస్టారికి ఒకసారి చప్పట్లు."

మళ్లీ కొట్టారు.

తిరిగి వచ్చేటప్పుడు కారు ముద్దనూరు దాటింది. తర్వాత హెడ్మాస్టరే అన్నాడు. "అందరి ముందర అట్ల అంటే ఎట్ల సామీ? ఆయన ఆయప్పది చెప్పుకున్యాడు. నీ గోడ యాడికి పోయింది? ఆడనే ఉంది కదా."

"గోడ సంగతి కాదు సార్. ఆ మాట మన పిల్లది."

"మాటకు పేరు రాసి ఉంటాదా?" అని ఆయన రేడియో పెట్టాడు.

గోడ అక్కడే ఉంది, నిజమే. కానీ మరుసటి నెలలో అన్ని బళ్లకూ గోడ పద్ధతి నియమాలు వచ్చాయి. పులివెందులలో చూపించినట్టే చేయాలి. తరగతి గది లోపలే చేయాలి. పిల్లలను బయటికి తీసుకుపోకూడదు. గోడకు బదులు పరదా వాడాలి. మాకూ ఒకటి వచ్చింది, నీలం రంగుదే. హెడ్మాస్టరు దాన్ని నా చేతిలో పెట్టాడు.

"ఆయన సరేనన్నాడని మీరే చెప్తిరి కదా సార్" అన్నాను.

"అప్పుడు సరేనన్నాడు. ఇప్పుడు ఇట్ల చేయమంటాండాడు. రెండూ చెప్పింది ఆయనే. నేనేం జేయాల? అప్పుడది నీ ఆట సామీ. ఇప్పుడు పద్ధతి అయింది. పద్ధతి ప్రకారం చేయాల."

గదిలో కిటికీ ఊచ నుంచి తలుపు గొళ్లెం దాకా తాడు కట్టి పరదా వేశాను. అటు సగం, ఇటు సగం. కాగితాలు పంచాను. వెనక్కి తిరిగి బోర్డు తుడిచేలోపు "అయిపోయింది సార్!" అని కేక. పరదా అంచు ఎత్తి, కాగితాలు పక్కపక్కన పెట్టి చూసుకున్నారు. గుడ్డ కదా, ఎత్తితే లేస్తుంది. జతగత్తె అవతల ఉందని తెలిసి ఎత్తకుండా ఎందుకుంటారు? ఈ ప్రశ్ననే నేను ప్రొద్దుటూరులో అడిగాను. గోడ సంగతేమీ లేనప్పుడే అడిగాను.

ముద్దనూరు పక్క పిల్ల పరదా కిందినుంచి తల బయటపెట్టి అడిగింది. "సార్, గోడకాడికి పోదామా?"

"లేదు పాపా. ఇంగ గోడకాడికి పోము."

"వై?" అంది.

నవ్వుతూ అనలేదు. గోడ దగ్గర మేక గురించి తన జతగత్తె అడిగినట్టే అడిగింది. తెలియనిది తెలుసుకోవాలని అడిగింది. గోడ దగ్గర పుట్టిన ఆ మాట ఆ గదిలోకి వచ్చి నా ముందే నిలబడింది. గంట కొట్టేదాకా పరదా మడతపెడుతూ గడిపాను.

ఆ ప్రశ్ననే హెడ్మాస్టరు గదికి తీసుకుపోయాను. ఎనిమిదో తరగతి పిల్లలు ఎందుకని అడుగుతున్నారు, ఏం చెప్పమంటారు అన్నాను.

"పరీక్షలొస్తాండాయని చెప్పు" అన్నాడు ఆయన, ఫోన్లోంచి తల ఎత్తకుండా.

నేను ఆ మాట పిల్లలకు చెప్పలేదు. అబద్ధం చెప్పడానికి ఇంగ్లీషు నేర్పనక్కర్లేదు. తరగతిలో పనికిరాని పరదా ఇప్పుడు స్టాఫ్ రూములో ఎండ పడకుండా కిటికీకి వేసి ఉంది. అటువైపు కూర్చునే లెక్కల మాస్టారికి శానా హాయిగా ఉందట. ఆ కిటికీ తెరిస్తే బండల గోడ కనబడుతుంది. సందుల్లో పిల్లలు మెత్తిన మట్టి మొన్నటి వానకు చాలావరకు రాలిపోయింది. వేళ్ల ముద్రలున్న పెళ్లలు రెండో మూడో ఇంకా అంటుకుని ఉన్నాయి.